ప్రొడక్షన్ డిజైన్ చేస్తూ నిర్మాతగా కూడా ఉండొచ్చా?

కుంచె_సుత్తి:
ఆర్ట్ డిపార్ట్‌మెంట్‌లో అసిస్టెంట్‌గా మొదలై ఇప్పుడు చిన్న సినిమాలకు సొంతంగా డిజైన్ చేస్తున్నాను. నాతో పనిచేసిన దర్శకురాలు తన తర్వాతి సినిమాకి నన్నే నిర్మాతగా ఉండమంటున్నారు. డబ్బు పెట్టేవాళ్లు వేరే ఉన్నారు, నడిపించాల్సింది నేను. డిజైన్ వదులుకోవడం ఇష్టం లేదు. రెండూ ఒకరివల్ల అవుతాయా? నిర్మాత అని పేరు పడ్డాక డిజైన్‌కి ఎవరూ పిలవరేమోనని టెన్షన్‌గా కూడా ఉంది.

నాలుగోగోడ:
నేనూ ఆ దారిలోనే వచ్చానండీ. అవుతాయి. స్క్రిప్ట్ రాగానే సీన్లు విడదీసి ఏది కట్టాలి, ఏది అద్దెకు తేవాలి, పగలా రాత్రా అని రాసుకుంటాం కదా, షెడ్యూలూ బడ్జెట్టూ పుట్టేది అందులోంచే.

నా సినిమాలో ఆసుపత్రి గది ఒకటి, పోలీసుల విచారణ గది ఒకటి ఉండేవి. రెండింటికీ ఒకే సెట్ వేశాం. కిటికీ ఉన్న గోడని ఊడదీయగలిగేలా కట్టించి, ఆసుపత్రి సీన్లు అయ్యాక దాని స్థానంలో కిటికీ లేని గోడ నిలబెట్టాం. నడుం ఎత్తు దాకా ముదురు ఆకుపచ్చ కొట్టి, ట్యూబ్‌లైట్లు తీసేసి ఒక్క బల్బు వేలాడదీశాం. ఆసుపత్రి ముందు తీయాలని పట్టుబట్టింది నేనే. ముదురు రంగు మీద లేత రంగు వేస్తే కోటు మీద కోటు పడుతుంది, అది ఆరేదాకా యూనిట్ అంతా టీలు తాగుతూ కూర్చుంటుంది! ఇలాంటివి లెక్కల్లో ఆరితేరిన నిర్మాతకు కూడా తట్టవు.

డబ్బు మాత్రం మీ చేతిలో ఉంచుకోకండి. మన కంటికి ఏ గోడా పూర్తయినట్టు కనబడదు. మీ బిల్లుల మీద కూడా లైన్ ప్రొడ్యూసర్ (రోజువారీ ఖర్చులు చూసే మనిషి) సంతకం పడాల్సిందే. అనుకోని ఖర్చులకని పక్కన పెట్టే పది శాతం జోలికి సెట్ కోసం అస్సలు వెళ్లొద్దు.

పేరు సంగతంటారా, హాలీవుడ్‌లో పాలీ ప్లాట్ 1987లో ‘ద విచెస్ ఆఫ్ ఈస్ట్‌విక్’కి డిజైనర్, అదే ఏడాది వచ్చిన ‘బ్రాడ్‌కాస్ట్ న్యూస్’కి ఎగ్జిక్యూటివ్ ప్రొడ్యూసర్. ఒకే ఏడాది రెండు పేర్లూ పడ్డాయి.

కాగితాలపులి:
పై జవాబులో అగ్రిమెంట్ల ఊసే లేదు. డిజైన్‌కి వేరే, నిర్మాణానికి వేరే రాయించుకోండి. డబ్బు బిగిసినప్పుడు ‘రిలీజయ్యాక తీసుకుందువులే’ అని ముందుగా ఆపేది నిర్మాత పారితోషికమే. రెండూ ఒకే పద్దులో ఉంటే డిజైన్ కూలీ కూడా దాంతోపాటే పోతుంది. ఇంకోటి, గోడకు తగిలించే పెయింటింగుకీ ఫొటోకీ హక్కుదారు నుంచి రాతపూర్వక అనుమతి ఆరోజే తీసుకోండి. డిస్ట్రిబ్యూటర్ అడిగినప్పుడు వెతకబోతే సినిమా అక్కడే ఆగుతుంది.

కుంచె_సుత్తి:
ఇద్దరికీ థాంక్సండీ. షూటింగ్ రోజుల్లో ఎక్కడుండాలి మరి?

నాలుగోగోడ:
అసలు చిక్కు అక్కడే. డిజైనర్ రేపటి సెట్ దగ్గరుండాలి, నిర్మాత ఇవాళ్టి సెట్ దగ్గరుండాలి. మీ కింద సెట్ పని నడిపిస్తూ, మిమ్మల్ని అడగకుండానే నిర్ణయం తీసుకోగల ఆర్ట్ డైరెక్టర్ ఉంటేనే ఒప్పుకోండి.

కుంచె_సుత్తి:
ఒకావిడ ఉన్నారు, కానీ ఫిబ్రవరి దాకా వేరే సినిమాలో బిజీ.

నాలుగోగోడ:
అయితే షూటింగ్ మార్చికి జరపండి. నిర్మాత మీరేగా!