మొక్కు లేకుండా తిరుపతి గంగమ్మ జాతరలో ఆడవేషం వేయొచ్చా?

కొర్లగుంట వాసి: మొన్న జాతరలో తాతయ్యగుంట గుడి దగ్గర చూశా. నలుగురు కుర్రాళ్ళు పట్టుచీరలు, సవరాలు, వడ్డాణాలతో వచ్చారు. అరగంట రీల్స్ తీసుకుని, అమ్మవారికి దండం కూడా పెట్టకుండా ఆటో ఎక్కేశారు. చిన్నప్పుడు నాకు జబ్బు చేస్తే మా నాయన మొక్కుకుని మూడేళ్ళు చీర కట్టాడు. మొక్కు లేనోళ్ళకు ఆ వేషం ఎందుకు?

చిత్తూరు బాబాయ్: మొక్కుకు రసీదు చూపించాలా సామీ? మేం పిల్లలుగా ఉన్నప్పుడు జాతరలో 'తోటి' అనే వేషం రోజు ఒంటికి బొగ్గు పూసి, చేతికి వేపాకు ఇచ్చి వీధిలోకి తోసేవాళ్ళు. మొక్కేంటో మాకేం తెలుసు? సరదాగా వచ్చినవాడికే తర్వాత భక్తి కుదురుతుంది.

కొర్లగుంట వాసి: సరే, ఈ రీల్స్ వాళ్ళు చివరి రోజు తెల్లవారుజామున అమ్మవారి విశ్వరూపం బొమ్మ నుంచి పంచే మట్టి కోసం ఆ తోపులాటలో నిలబడతారా?

బేరివీధి కోడలు: మీ ఇద్దరికీ మొక్కు గొడవే. కథ గుర్తుందా? ఈ ప్రాంతాన్ని ఏలే పాలెగాడు ఆడవాళ్ళను చెరబడుతుంటే, అవిలాల ఊళ్ళో కైకాల కులంవాళ్ళింట పెరిగిన గంగమ్మ వాడి మీద తిరగబడింది. దాక్కున్నవాడి కోసం బైరాగి, బండ, తోటి అని రోజుకో వేషంలో వెతికి, దొర వేషంలో తల నరికింది. జాతరలో వేషగాళ్ళు తిట్టే ఆ బూతులు కూడా వాణ్ణి బయటికి రప్పించడానికే. ఇప్పుడేమో చీర కట్టినవాడే క్యూలో ఆడపిల్లల మీద పడుతున్నాడు. పోయినేడు మా ఆడపడుచు ఏడుస్తూ ఇంటికొచ్చింది. అలాంటోడికి మొక్కుంటే మాత్రం ఎవడికి కావాలి?

చిత్తూరు బాబాయ్: ఈ మాట ఒప్పుకుంటానమ్మా. అలాంటోణ్ణి అక్కడే నాలుగు తగిలించాలి.

అలిపిరి నడక: కొండ మీద ఉన్న అన్న వెంకన్న తరఫున టీటీడీ ఏటా గంగమ్మకు సారె పంపుతుంది. చెల్లెలి ఇంటి ముందే ఆడపిల్లలకు ఈ కష్టమా! వేషగాళ్ళకు వేరే వరుస పెడితే సగం గొడవ తీరుతుంది.

కొర్లగుంట వాసి: అక్కా, నువ్వన్నది నిజమే. నేను అటువైపు ఆలోచించలేదు. అయినా మొక్కు మాట వదలను. చిక్కేమిటంటే మా నాయన కట్టిన చీర ఇంకా బీరువాలోనే ఉంది, వచ్చే ఏడు అది కట్టుకుంటానని మావాడు పట్టు. వాడికి ఏ మొక్కూ లేదు.

బేరివీధి కోడలు: కట్టించు తమ్ముడూ, తాత చీరే కదా. పిన్నులు మాత్రం ఎక్కువ పెట్టు. మా ఆయనకు నడివీధిలో కుచ్చిళ్ళు ఊడిపోయాయి.