రీడింగ్ హాల్లో లైట్లు ఎలా పెట్టించాలి? చదివే పిల్లలకి తలనొప్పి వస్తోంది

పాతబడి బ్యాచ్:
మా ఊళ్ళో పాత గ్రంథాలయం హాలుని పూర్వ విద్యార్థులం కొంతమందిమి కలిసి బాగు చేయిస్తున్నాం. హాలు 30 అడుగుల పొడవు, 20 వెడల్పు, 12 ఎత్తు. గ్రూప్స్‌కీ, కానిస్టేబుల్ పరీక్షలకీ చదివే పిల్లలు రాత్రి పదింటి దాకా కూర్చుంటారు. గోడలకి ఆరు ట్యూబులైట్లు ఉన్నాయి, అయినా ఎనిమిదయ్యేసరికి కళ్ళు మంటలు, తలనొప్పి అంటున్నారు. ఎలక్ట్రీషియన్ మూలకొక 50 వాట్ల ఫ్లడ్ లైట్ బిగిస్తే పట్టపగల్లా ఉంటుందంటున్నాడు కానీ నాకు మనసొప్పట్లేదు. బయట మెట్ల నుంచి గేటు దాకా కూడా చీకటే, ఆడపిల్లలు భయపడుతున్నారు. చందాల డబ్బు, మళ్ళీ మళ్ళీ అడగలేం. తెలిసినవాళ్ళు చెప్పండి.

వైరింగ్ అన్న:
ఫ్లడ్ లైట్లు మాత్రం వద్దు తమ్ముడూ. మూల నుంచి ఏటవాలుగా కొడితే ఎదురుగా కూర్చున్నవాళ్ళకి కళ్ళల్లో పడుతుంది, లైటుకి వీపు పెట్టి కూర్చున్నవాళ్ళకి వాళ్ళ తల నీడే పుస్తకం మీద పడుతుంది. గోడ ట్యూబులతో ఇప్పుడు జరుగుతున్నదీ అదే అయ్యుంటుంది.

వాట్లు కాదు, డబ్బా మీద ల్యూమెన్లు చూడు, లైటు ఎంత వెలుగు ఇస్తుందో చెప్పే లెక్క అదే. చదివే బల్ల మీద కనీసం 300 లక్స్ ఉండాలి, అంటే చదరపు మీటరుకి 300 ల్యూమెన్లు. మీ హాలు దాదాపు 56 చదరపు మీటర్లు కాబట్టి బల్లల ఎత్తుకి 16,800 ల్యూమెన్లు చేరాలి. గోడలూ కప్పూ కొంత మింగేస్తాయి, దుమ్ము పట్టి ఇంకొంత పోతుంది, సగమే చేరుతుందనుకుని 33,600 వేసుకో. 20 వాట్ల ఎల్‌ఈడీ ట్యూబు సుమారు 2,000 ఇస్తుంది. వరసకి ఆరు చొప్పున మూడు వరసలు, మొత్తం 18. అన్నీ నాలుగు గంటలు వెలిగినా యూనిట్టున్నర కూడా కాలదు. అన్నిటికంటే ముందు కప్పుకి తెల్ల రంగు కొట్టించు, దానికి మించిన చవక లైటు లేదు.

స్టడీ హాల్ నడిపేవాణ్ణి:
పైన అన్న చెప్పిన లెక్క సరైనదే. నేను దెబ్బతిన్న సంగతి ఒకటి చెప్తాను. మేం లైట్లన్నీ కప్పుకే బిగించాం, వాటి కింద ఫ్యాన్లు తిరుగుతుంటే రెక్కల నీడ పేజీ మీద టపటపా కొట్టుకుంటూ ఉండేది, అది తెలియక రెండు నెలలు పిల్లలకి కళ్ళద్దాలు మార్చుకోమని చెప్పాను, ఇప్పటికీ బాధేస్తుంది. తర్వాత రాడ్లు వేసి ట్యూబుల్ని ఫ్యాను రెక్కల కంటే కిందకి దించాం, బల్లకి దగ్గరయ్యాయి కాబట్టి తక్కువ లైట్లే సరిపోయాయి. వరసలు మనిషికి ఎదురుగా కాకుండా పక్కల నుంచి వెలుగు వచ్చేలా ఉండాలి, లేకపోతే నున్నటి కాగితం మెరిసి అక్షరం కనపడదు.

కొనేముందు షాపులో వెలిగించి ఫోన్లో స్లో మోషన్ వీడియో తీయండి. చారలు పాకుతున్నట్టు కనిపిస్తే ఆ రకం వద్దు, లోపల డ్రైవర్, అంటే ఎల్‌ఈడీకి తగ్గట్టు కరెంటుని మార్చి ఇచ్చే భాగం, నాసిరకం, కరెంటుతో పాటు సెకనుకి 100 సార్లు వెలుగు ఎక్కి దిగుతుంటుంది. వెలుగు రంగుని కెల్విన్లలో చెప్తారు, అంకె పెరిగేకొద్దీ పసుపు తగ్గి నీలం ఎక్కువవుతుంది, అడిగి మరీ 4,000 కెల్విన్ తీసుకోండి. అడక్కపోతే 6,500 చేతిలో పెడతారు, రాత్రిపూట ఆ నీలపు తెలుపు నాకైతే అస్సలు నచ్చదు.

వీధి దీపం:
బయట సంగతి నేను చెప్తాను. గేటు దగ్గర ఒకే పెద్ద లైటు పెడితే కళ్ళు దానికి అలవాటుపడి దాని వెనకున్న మనిషి కూడా కనపడడు. దానికి బదులు మెట్ల నుంచి గేటు దాకా 9 వాట్లవి నాలుగైదు, పైన టోపీ ఉన్న ఫిట్టింగుల్లో వెలుగు కిందకే పడేలా పెట్టండి. ఎదురొచ్చే మనిషి ముఖం గుర్తుపట్టగలిగితే చాలు. ఇవి 3,000 కెల్విన్ పసుపువే తీసుకోండి, తొలకరి వానలకి ఉసిళ్ళు తెల్లలైటుకి వాలినంతగా వీటికి రావు.

పాతబడి బ్యాచ్:
అందరికీ చాలా థాంక్సండీ. నిన్న రాత్రి ఫోన్ యాప్‌తో కొలిచాం, అంత కచ్చితం కాదు గానీ గోడ పక్కన 140 లక్స్ చూపించింది, మధ్య బల్ల మీద 45. ఆ బల్ల దగ్గరే ఎక్కువమంది కూర్చుంటారు! ఫ్లడ్ లైట్లు వద్దని చెప్పేశాం. స్విచ్‌లు ఎలా పెట్టించమంటారు?

వైరింగ్ అన్న:
వరసకొక స్విచ్. కిటికీల పక్క వరస పగలు ఆపేసుకోవచ్చు. మధ్య వరసా, బయట మెట్ల మీద లైటూ ఇన్వర్టర్‌కి కలుపు, కరెంటు పోయినా పిల్లలు చీకట్లో దిగనక్కర్లేదు.