రాజు తల పోయింది సరే, గెలిచిందెవరు?

నెల్లూరు పిల్ల (అన్నానగర్)

అందరికీ నమస్కారం. అన్నానగర్‌లో హాస్టల్లో ఉండి సివిల్స్‌కి చదువుతున్నా, తెలుగు మీడియం. మొన్న ఆదివారం టెస్టులో ఖజానా మీద పార్లమెంటు అదుపు గురించి 15 మార్కుల ప్రశ్న ఇచ్చారు. మొదటి వాక్యం బరువుగా ఉండాలని "1649లో ఇంగ్లండ్ ప్రజలు తమ రాజు మొదటి చార్లెస్ తల నరికి పార్లమెంటు అధికారాన్ని నిలబెట్టారు" అని ఎత్తుకున్నా. దిద్దినాయన "ప్రజలు" కింద ఎర్ర ఇంకుతో రెండు గీతలు కొట్టి, పక్కన "ఎవరు?" అని రాశాడు. అంతే, ఇంకో ముక్క లేదు. నాలుగున్నర మార్కులు. పోయి అడుగుదామంటే దిద్దేవాళ్ళు మా కంటికి కనపడరు.

ఉక్రోషం కొద్దీ రెండు రాత్రులు కూర్చుని చదివా. చదివేకొద్దీ ఇంకా చిక్కు పడింది. 1642లో యుద్ధం మొదలైంది, పార్లమెంటు గెలిచింది, 1649 జనవరి 30న రాజుని చంపారు. ఇంతవరకూ బాగానే ఉంది. మరి 1653లో అదే పార్లమెంటుని దాని తరఫున పోరాడిన సేనాని క్రామ్‌వెల్ తుపాకులవాళ్ళని వెంటబెట్టుకొచ్చి బయటికి తోలేశాడే! 1660లో చచ్చిన రాజు కొడుకునే పిలిచి గద్దె ఎక్కించారే! ఈ సంబడానికి అంత రక్తం ఎందుకు? దయచేసి లింకులు పడెయ్యకండి, నోట్సు నా దగ్గర మంచం కింద కుప్పగా ఉంది. కూర్చోబెట్టి చెప్పినట్టు ఎవరైనా చెప్పండి.

రివిజన్ రాజు

సిలబస్‌లో లేదు. రాజుకి దైవదత్తాధికారం, పార్లమెంటుకి చట్టం, మధ్యలో గొడవ, 1688లో రాజీ. నాలుగు ముక్కలు చాలు. ముందుకి పోండి.

కోడంబాక్కం తాత

అమ్మాయ్, మాది గూడూరు. మద్రాసొచ్చి నలభై ఏడేళ్ళు. ఆడిట్‌లో ముప్పై నాలుగేళ్ళు చేసి రిటైరయ్యాను. చరిత్ర నేను కాలేజీలో చదివింది కాదు. రోజూ కోడంబాక్కంలో రైలెక్కి ఫోర్టు స్టేషన్లో దిగేవాణ్ణి. ఆ కోటగోడ చూసీ చూసీ, దీన్ని కట్టిందెవరు, డబ్బిచ్చిందెవరు అని మొదలైన దురద ఇంతదాకా లాక్కొచ్చింది. కాబట్టి నేను చెప్పేది గుమాస్తా చరిత్ర. ప్రొఫెసర్లు ఒప్పుకోకపోతే పోనీ.

నీ వాక్యంలో "ప్రజలు" తీసేసి "బిల్లు పాస్ చేసేవాళ్ళు" అని పెట్టి చూడు. సగం చిక్కు అక్కడే వీడుతుంది.

చార్లెస్ 1625లో గద్దెనెక్కాడు. అంతకుముందు కొత్త రాజు వస్తే, ఓడరేవు సుంకాలు బతికినన్నాళ్ళూ వసూలు చేసుకో నాయనా అని మొదటి సమావేశంలోనే ఇచ్చేసేవాళ్ళు. ఇతనికి మాత్రం కామన్స్ సభ, అంటే పార్లమెంటు దిగువ సభ, ఏడాదికే ఇస్తామంది. మన ఓటాన్ అకౌంట్ తంతే అనుకో. ఆయన ఆగాడా? మంజూరు లేకుండానే వసూలు చేస్తూ పోయాడు. 1628లో హక్కుల విన్నపం అని కాగితం రాసి రాజు చేత ఒప్పించుకున్నారు, పార్లమెంటు ఒప్పుకోనిదే పన్ను వద్దు అని. మరుసటి ఏడు సభనే రద్దు చేసి, 11 ఏళ్ళు పిలవకుండా ఏలాడు.

సభ లేకపోతే డబ్బెట్లా? ఇక్కడే నాకు ముచ్చటేస్తుంది. పాత రికార్డులు తిరగేసి దుమ్ముపట్టిన పద్దులన్నీ బయటికి తీశాడు. షిప్ మనీ అలాంటిదే. యుద్ధం వస్తే సముద్రం ఒడ్డునున్న ఊళ్ళు ఓడలివ్వాలి, లేదా ఓడ ఖరీదు ఇవ్వాలి, అదీ పాత ఆచారం. ఈయన 1635 నుంచి లోపలి జిల్లాలకి కూడా వేశాడు, యుద్ధం లేకుండా, ఏటేటా. మదనపల్లెవాణ్ణి ఓడ కొనిపెట్టమన్నట్టు! ఏటా దాదాపు 2 లక్షల పౌన్లు. జాన్ హాంప్డెన్ అనే పెద్దమనిషి తన వంతు 20 షిల్లింగులు కట్టనని కోర్టుకి పోయాడు. 20 షిల్లింగులంటే ఒక్క పౌను. ఆయనకి అది ఒక లెక్క కాదు, కడితే వచ్చే ఏడు మళ్ళీ అడుగుతారనే ఆయన బాధ. 12 మంది జడ్జీల్లో 7 మంది రాజు వైపు, 5 మంది హాంప్డెన్ వైపు. రాజు గెలిచాడు, కానీ ఆ 5 చూసి దేశంలో కట్టేవాళ్ళు తగ్గిపోయారు.

ఇప్పుడు మన ఊరి సంగతి. దామెర్ల వెంకటాద్రి నాయకుడు 1639లో ఈస్టిండియా కంపెనీ మనిషి ఫ్రాన్సిస్ డేకి ఇసకదిబ్బ ఇచ్చిన కథ నీకు తెలిసిందే. 1640 ఏప్రిల్ 23, సెయింట్ జార్జ్ పండగనాటికి కోట కొంత లేచిందనీ, అందుకే ఆ పేరనీ చెప్తారు. అదే ఏప్రిల్ 13న లండన్లో చార్లెస్ 11 ఏళ్ళ తర్వాత పార్లమెంటుని పిలిచాడు. మే 5న మూసేశాడు. మూడంటే మూడు వారాలు! ఇక్కడ డే గారు ఇటుకలు పేర్పిస్తున్న రోజుల్లోనే అక్కడ కొంప అంటుకుంటోంది. కబురు ఓడ మీద రావడానికి ఆరేడు నెలలు పట్టే కాలం, వీళ్ళకేం తెలుస్తుంది. అన్నట్టు, ఈ కోటకి ఇంత ఖర్చెందుకని కంపెనీ డే మీద విరుచుకుపడింది. మద్రాసులో మొట్టమొదటి ఆడిట్ అబ్జెక్షన్ అదేనని మా ఆఫీసులో చెప్పి నవ్వేవాణ్ణి.

ఆ ఏడే ఇంకో ఘనకార్యం. కంపెనీ గోదాముల్లో ఉన్న మిరియాలు రాజు అరువు మీద కొన్నాడు. 6 లక్షల పౌన్ల బరువుకి పైగా. పౌను బరువు 2 షిల్లింగుల 1 పెన్నీ లెక్కన కొని, వెంటనే 1 షిల్లింగు 8 పెన్నీలకి రొక్కానికి అమ్మేశాడు. 12 పెన్నీలు ఒక షిల్లింగు. అంటే 25కి కొని 20కి అమ్మడం. 63 వేల పౌన్ల అప్పు నెత్తిన పెట్టుకుని 50 వేల పౌన్ల రొక్కం చేతిలో వేసుకున్నాడు. కంపెనీకి ఆ బాకీ పూర్తిగా ముట్టలేదు. ఇలాంటి వోచరు నా బల్ల మీదికి వస్తే ఆ రాత్రి నాకు నిద్ర పట్టేది కాదు. రాజు దివాలా ఎత్తాడనడానికి నాకు ఇంతకంటే సాక్ష్యం అక్కర్లేదు.

రెండేళ్ళకి యుద్ధం. మిగతాది భోంచేసి రాస్తాను, ఇంట్లో పిలుస్తున్నారు.

వేలచేరి నుంచి

తాతగారూ, లెక్కలు బాగున్నాయి, కానీ అంతా డబ్బే అంటే నేను ఒప్పుకోను. మా కంపెనీ పని మీద ఇంగ్లండ్‌లో, లెస్టర్లో రెండేళ్ళున్నా. ఒక శనివారం నేజ్‌బీ పొలాలకి వెళ్ళాం, 1645 జూన్ 14న రాజు సైన్యం కుప్పకూలిన చోటు. గోధుమ చేలు, గాలి, ఒక స్మారక స్తంభం. మావాడు ఇంతేనా నాన్నా అన్నాడు.

షిప్ మనీ తిట్టుకుంటూనైనా చాలామంది కట్టారు కదండీ. ఆ బండి ఆగింది దేవుడి దగ్గర. 1637లో చార్లెస్ స్కాట్లండ్ మీద కొత్త ప్రార్థనా పుస్తకం రుద్దాడు. ఎడిన్‌బరోలో సెయింట్ జైల్స్ చర్చిలో అది చదవడం మొదలెట్టగానే జనం లేచి అరిచి గోల చేశారు, పీటలు విసిరారంటారు. వాళ్ళ మీదికి సైన్యం పంపాలి, సైన్యానికి డబ్బు కావాలి, డబ్బు కోసం పార్లమెంటుని పిలవాలి. అంటే మీ 1640 ఏప్రిల్ 13 వెనకాల ఆ పుస్తకం ఉంది. ఇంగ్లండేమో ప్రొటెస్టంటు దేశం. రాణి క్యాథలిక్కు, ఆర్చిబిషప్పు లాడ్ క్యాథలిక్కుల తరహాలో చర్చిల్లో బల్లలు జరిపి కటకటాలు కట్టించడం, 1641లో ఐర్లండ్ తిరుగుబాటు... పోప్ వచ్చేస్తున్నాడన్న భయం లేకపోతే ఆ పెద్దమనుషులు కత్తి పట్టేవాళ్ళు కాదు. పన్ను కోసం జనం కోర్టుకి వెళ్తారు. ప్రాణానికి తెగించేది మతం కోసమే.

ఇంకోటి, క్రామ్‌వెల్‌ని హీరోగా రాయకండి నెల్లూరు గారూ. 1649లో ఐర్లండ్‌లోని ద్రోహెడాలో అతని సైన్యం చేసిన ఊచకోత గురించి మా ఆఫీసులో ఐరిష్ అతను ఇప్పటికీ పళ్ళు కొరుకుతూ చెప్తాడు.

కోడంబాక్కం తాత

వేలచేరి అబ్బాయి చెప్పిందాంట్లో న్యాయముంది. నిప్పు మతమే. ఎండుగడ్డి మాత్రం పద్దు పుస్తకంలోదే. అక్కడికి ఒప్పుకున్నాం కదా, ఇక అమ్మాయి అసలు ప్రశ్నకి వద్దాం.

1642 జనవరి 4న రాజు సాయుధుల్ని వెంటేసుకుని స్వయంగా కామన్స్ సభలోకొచ్చాడు, సభలో తనకి ఎదురు నిలిచిన హాంప్డెన్, జాన్ పిమ్, ఇంకో ముగ్గుర్ని పట్టుకుపోదామని. వాళ్ళు ముందే జారుకున్నారు. వాళ్ళెక్కడని స్పీకర్ లెంథాల్‌ని అడిగితే, ఆయన మోకాళ్ళ మీద కూచుని, ఈ సభ చూడమంటే తప్ప నాకు కళ్ళు లేవు, పలకమంటే తప్ప నాలుక లేదు అన్నాడు. వారం తిరక్కుండా రాజు లండన్ వదిలిపోయాడు.

యుద్ధానికి పార్లమెంటుకీ డబ్బు కావాలి కదా. 1643లో పిమ్ ఒక కొత్త పన్ను తెచ్చాడు. దాని పేరు ఎక్సైజ్. అవును తల్లీ, మన బ్రాందీ షాపు బోర్డు మీదున్న ఆ ఎక్సైజే. మొదట బీరు మీద, తర్వాత మాంసం, ఉప్పు మీద కూడా. దానికి తోడు నెలనెలా జిల్లాల మీద వేసిన వాటాలు. షిప్ మనీ వీటి ముందు పిల్లకాకి. దౌర్జన్యపు పన్ను వద్దన్నవాళ్ళే అంతకు ఎన్నో రెట్లు పిండారు. నీ ఎర్ర ఇంకాయన "ఎవరు?" అన్నది ఇందుకే అయ్యుంటుంది. ఉప్పు మీద పన్ను కట్టిన కూలివాణ్ణి ఆ సభలో ఎవరూ ఏమీ అడగలేదు.

అంత పిండినా సిపాయికి జీతం అందలేదు. కాల్బలం సిపాయికి రోజుకి 8 పెన్నీలు. 1647 వసంతానికి కాల్బలానికి 18 వారాలు, గుర్రపు దళానికి 43 వారాలు బకాయి. పార్లమెంటు ఏమందో తెలుసా? 6 వారాలది తీసుకుని ఇళ్ళకి పొండి అంది. మిగతాది తర్వాత చూద్దామంది. రిటైర్మెంటు బకాయిల కోసం సంవత్సరాలు తిరిగిన వాణ్ణి, నాకు ఆ సిపాయిల కడుపుమంట తెలుసు. వాళ్ళు ఊరుకోలేదు, దళానికి ఇద్దరు చొప్పున ప్రతినిధుల్ని ఎన్నుకున్నారు. ఆ ఏడాది చివర పట్నీ చర్చిలో సేనానుల ఎదుట కూచుని, ఆస్తి లేనివాడికి ఓటెందుకు ఉండకూడదని వాదించారు. జీతం అడగబోయి ఓటు దగ్గర తేలారు. అసలు "ప్రజలు" అనే మాట ఎక్కడైనా వాడాలంటే ఆ చర్చిలో వాడు. అయితే వాళ్ళ మాట నెగ్గలేదు.

1648 డిసెంబర్ 6న కర్నల్ ప్రైడ్ జాబితా పట్టుకుని సభ గుమ్మంలో నిలబడ్డాడు. రాజుతో రాజీ కోరిన సభ్యుల్ని లోపలికి పోనివ్వలేదు. రాజుని విచారించింది ఆ మిగిలిన ముక్క పార్లమెంటు. కోర్టుకి 135 మందిని వేస్తే, మరణశాసనం మీద సంతకాలు 59. అధ్యక్షత వహించిన బ్రాడ్‌షా ఎవరైనా కాలుస్తారని లోపల ఉక్కురేకు పెట్టిన టోపీ పెట్టుకుని కూచున్నాడు. విచారణలో రాజు చేతికర్ర వెండి పొన్ను ఊడి కింద పడింది. ఎవరో ఒకరు వంగి తీసిస్తారని ఆయన చూశాడు. ఎవరూ కదల్లేదు. తనే వంగి తీసుకున్నాడు. జనవరి 30న చలికి వణికితే భయమనుకుంటారని రెండు చొక్కాలు తొడుక్కుని తల నరికే చోటికి నడిచాడు.

కాబట్టి 1653లో క్రామ్‌వెల్ సభని తోలాడంటే ఆశ్చర్యమేముంది? ఐదేళ్ళ ముందే సభ తలుపు సైన్యం చేతిలోకి పోయింది.

దీని తోక మన కోటలో ఆడింది, అది కూడా చెప్పి ఆపేస్తా. 1665లో ఇక్కడ కంపెనీ ఏజెంటుగా, అంటే కోటకి పెద్దగా, జార్జ్ ఫాక్స్‌క్రాఫ్ట్ వచ్చాడు. ఒకప్పుడు లండన్లో పార్లమెంటు పక్షం మనిషి. పదవి ఊడిన పాత ఏజెంటు ఎడ్వర్డ్ వింటర్, రాజుకి వ్యతిరేకంగా మాట్లాడాడని నేరం మోపి ఆయన్ని సెప్టెంబర్లో పట్టి బంధించాడు. ఆ తోపులాటలో ఒక మనిషి పోయాడు. దాదాపు మూడేళ్ళు రాజుగారి పేరు చెప్పి వింటరే కోటని ఏలాడు. 1668లో ఓడలొస్తే గానీ ఫాక్స్‌క్రాఫ్ట్ బయటపడలేదు. అసలు గొడవేమిటయ్యా అంటే, వింటర్ సొంత వ్యాపారం లెక్కలు కంపెనీకి అనుమానమొచ్చి ఫాక్స్‌క్రాఫ్ట్‌ని పంపింది. రాజభక్తి పైన కప్పిన దుప్పటి.

నెల్లూరు పిల్ల (అన్నానగర్)

తాతయ్యా, రెండుసార్లు చదివా. మంచం కింద కుప్పలో మిరియాల సంగతి ఒక్క కాగితంలో లేదు. అయితే 1660లో రాజు తిరిగొచ్చాక డబ్బు సంగతి మళ్ళీ మొదటికొచ్చిందా?

కోడంబాక్కం తాత

రాలేదు. ఏడాదికి 12 లక్షల పౌన్లని పార్లమెంటే లెక్కగట్టి ఇచ్చింది. షిప్ మనీ తిరిగి రాలేదు. 1689 హక్కుల చట్టంలో రెండు ముక్కలు చూసుకో: సభ మంజూరు లేని వసూలు చెల్లదు, శాంతికాలంలో సభ ఒప్పుకోని సైన్యం ఉండకూడదు. మొదటిది చార్లెస్ చేసిన గాయం. రెండోది క్రామ్‌వెల్ చేసింది. ఆ తర్వాత మన రాజ్యాంగం తెరిచి 265వ అధికరణం చదువు, చట్టం ఒప్పుకోనిదే పన్ను లేదని ఒక్క వాక్యమే.

నెల్లూరు పిల్ల (అన్నానగర్)

చదివా. రెండు చొక్కాల సంగతి జవాబులో పెట్టొచ్చా?

కోడంబాక్కం తాత

వద్దు. 250 పదాల్లో చొక్కాలకి చోటెక్కడ. మిరియాలు పెట్టు. ఆదివారం ఖాళీ అయితే ఫోర్టు స్టేషన్ దగ్గరికి రా, మా ఆవిణ్ణి కూడా తీసుకొస్తా, కోట చూద్దాం. గేటు దగ్గర ఆపుతారు, ఆధార్ కార్డు మర్చిపోకు.