సమస్య: "ముద్దు పెట్టగానె మూర్ఛపోయె"

పృచ్ఛకుడు: ఈ వారం సమస్య ఆటవెలదిలో నాలుగో పాదం. ముందు మూడు పాదాలు రాసి పూరించడం మీ పని.

ముద్దు పెట్టగానె మూర్ఛపోయె

పురాణాలు, ప్రబంధాలు ఈసారికి పక్కన పెడదాం. విషయం ష్రెక్ అనే ఆకుపచ్చ రాక్షసుడు. విలియం స్టయిగ్ 1990లో రాసి, బొమ్మలు వేసిన పిల్లల పుస్తకం సరే, దాన్ని పట్టుకుని డ్రీమ్‌వర్క్స్ వాళ్లు 2001లో తీసిన సినిమా సరే, ఆ తర్వాత వచ్చిన రంగుల పుస్తకాలూ స్టిక్కర్లూ ముసుగులూ సరే. ఏదైనా వాడుకోండి. కానీ ఏ ష్రెక్కో మాకు తెలియాలి. పుస్తకంలోవాడూ సినిమాలోవాడూ ఒకడు కాడు.

కొత్తవాళ్ల కోసం: గణమంటే అక్షరాల చిన్న గుంపు, సూర్యగణాలు పొట్టివి, ఇంద్రగణాలు కాస్త పొడుగువి. 1, 3 పాదాల్లో మూడు సూర్యగణాలు, రెండు ఇంద్రగణాలు, 2, 4 పాదాల్లో అయిదూ సూర్యగణాలే. నాలుగో గణం మొదటి అక్షరం యతిస్థానం, అంటే పాదం మొదటి అక్షరంతో అది ధ్వనిలో కుదరాలి. దాని బదులు ఆ రెండు చోట్లా రెండో అక్షరాలు కలిసే ప్రాసయతి కూడా చెల్లుతుంది.

కాకినాడ మాస్టారు: పుస్తకం మా అబ్బాయి దగ్గర ఉంటే నిన్న రాత్రే చదివాను. పట్టుమని పావుగంట పట్టలేదు. అందులో ష్రెక్‌కి ఒక పీడకల వస్తుంది. దాని మీద:

పూలతోట నడుమ బుజ్జాయిలందరు
కౌగిలించి పట్టి కదలనీక
యుండ, కలను నులికి యుగ్రరాక్షసుడైన
ముద్దు పెట్టగానె మూర్ఛపోయె

పృచ్ఛకుడు: శ్రీకారం బాగా చుట్టారు మాస్టారూ. అందరికీ ముచ్చటైన కల వాడికి పీడకల కావడమే ఆ పేజీలో తమాషా. పూలు, పిట్టల పాటలు, ఆడుకునే పిల్లలు. వాళ్లు ముద్దులు పెడుతుంటే ఆపలేక గిలగిల్లాడతాడు. సమస్యలోని విడ్డూరం కథలోనే ఉంది కాబట్టి మీరు దాన్ని వెతుక్కోనక్కర్లేకపోయింది.

గుంటూరు డాక్టరు: పద్యానికి వంక లేదు గానీ, కథలో వాడు మూర్ఛపోడు. ఉలిక్కిపడి లేచి, పసిపిల్లాడిలా "కలే, కలే" అని గొణుక్కుంటాడు. "ఉలికి" అని మీరే అన్నాక మళ్లీ మూర్ఛ ఎందుకు? ఉలిక్కిపడ్డవాడు లేస్తాడు, పడిపోడు.

కాకినాడ మాస్టారు: కలలోనే ఉలికాడు, కలలోనే మూర్ఛపోయాడు, ఆ తర్వాత మెలకువ వచ్చింది. సమస్య ఇచ్చినాయన "మేలుకొనియె" అని ఇచ్చి ఉంటే లేపేవాణ్ణే.

గుంటూరు డాక్టరు: సరే, ఒప్పుకున్నాను. నా పూరణ ఇది. అదే పుస్తకం, వేరే పేజీ.

పచ్చ మేనివాని పైబడి యొక పాము
కసిగ కోరలూని కాటు వేసె
కాటు కాదు, వాని ఘనచర్మమునకది
ముద్దు; పెట్టగానె మూర్ఛపోయె

పృచ్ఛకుడు: భేష్! "ముద్దు" దగ్గర విరిచారు చూడండి, అక్కడుంది పూరణ. మూర్ఛపోయింది ముద్దు అందుకున్నవాడు కాదు, పెట్టిన పాము. సమస్యను తిరగేసి పడుకోబెట్టారు.

కాకినాడ మాస్టారు: ఇప్పుడు నా వంతు. కథలో ఆ పాము గిలగిల కొట్టుకుని చచ్చిపోతుంది డాక్టరుగారూ. మూర్ఛతో సరిపెట్టారేం?

గుంటూరు డాక్టరు: ముందు మూర్ఛ, తర్వాత చావు. నా వృత్తిలో వరస అంతే.

ఎడిసన్ అమ్మమ్మ: మా ఇంట్లో ష్రెక్ అంటే పుస్తకం కాదు నాయనా. మా మనవడి అలమరా నిండా సినిమా తర్వాత వచ్చినవే: స్టిక్కర్ల పుస్తకం, రంగులు వేసుకునేది, పజిల్ ముక్కలు, మీట నొక్కితే గుర్రుమనేది. అన్నిట్లోనూ వాడు పళ్లన్నీ కనబడేట్టు నవ్వుతూనే ఉంటాడు. అసలు పుస్తకం ఉందని మీరు చెప్పాకే లైబ్రరీ నుంచి తెప్పించాను. నాకు తోచింది రాశాను, తప్పులుంటే చెప్పండి.

ఆకుపచ్చ ముసుగు హాయిగా తొడిగియు
చెవులు నిక్కబొడిచి చెంతచేరి
మనుమడొకడు నిద్ర మత్తులో బామ్మకు
ముద్దు పెట్టగానె మూర్ఛపోయె

పృచ్ఛకుడు: గణాలు, యతులు అన్నీ కుదిరాయమ్మా. ఆ–హా మైత్రి కూడా శాస్త్రసమ్మతమే. రెండు మాటలు చెబుతాను. ఒకటి, "హాయిగా" యతి కోసం పిలిస్తే వచ్చిన మాట. పద్యంలో దానికి పనిలేదు. రెండు, మత్తులో ఉన్నది మనవడా, బామ్మా? మూర్ఛపోయిందెవరు? మీకు తెలుసు, నాకు తెలుసు, పద్యానికి తెలియదు. "మనుమడొకడు" కర్తగా కూర్చున్నాడు కాబట్టి వ్యాకరణం ప్రకారం వాడే పడిపోయాడు. ముద్దు పెట్టేదీ మూర్ఛపోయేదీ ఒక్కరే అయితే ఈ చిక్కు ఉండదు.

ఎడిసన్ అమ్మమ్మ: అయితే బామ్మ చేతే పెట్టిస్తాను.

ఆకుపచ్చ ముసుగు నట్టచెవులతోడ
పెట్టుకొనియు బుడుగు పిదప నిదుర
చెంద, చీకటింట చెంపయనుచు బామ్మ
ముద్దు పెట్టగానె మూర్ఛపోయె

కాకినాడ మాస్టారు: ఇది మొదటిదానికన్నా ఎన్నో రెట్లు మెరుగు. "అట్టచెవులు" కళ్లకు కట్టింది. కానీ అమ్మా, చీకట్లో ముసుగని ఆవిడకెలా తెలిసింది?

ఎడిసన్ అమ్మమ్మ: పెదవికి చెంప తగలాల్సిన చోట అట్ట తగిలితే దీపం వెయ్యాలా మాస్టారూ? నాకు వెయ్యక్కర్లేకపోయింది.

వరంగల్ విద్యార్థి: అందరికీ నమస్కారం. నేను కొత్త. సినిమా చాలాసార్లు చూశాను, పుస్తకం చూడలేదు. కొంచెం టెన్షన్‌గానే పెడుతున్నాను.

రక్కసుండు వచ్చి రాకుమారిని జేరి
అందగత్తె యగునటంచు జనులు
వేచి చూడ పచ్చ వేసమే మిగిలెను
ముద్దు పెట్టగానె మూర్ఛపోయె

గుంటూరు డాక్టరు: స్వాగతం తమ్ముడూ. భావం సినిమాకి ఆయువుపట్టే. ముద్దుతో శాపం పోయి అందగత్తె అవుతుందని చర్చిలో అందరూ చూస్తుంటే, రాకుమారి ఫియోనా ఆకుపచ్చగానే ఉండిపోతుంది. రెండో పాదంలో మాత్రం యతి తప్పింది. మొదట "అం", నాలుగో గణం "టంచు". "యగునె యనుచు" అంటే అ–య కుదురుతుంది, గణాలూ చెడవు. ఇంకోటి, "జనులు" అంటే "మూర్ఛపోయిరి" అనాలి. "జనము" అంటే ఆ గొడవ లేదు.

వరంగల్ విద్యార్థి: ధన్యవాదాలు సార్. అయితే రెండో పాదం "అందగత్తె యగునె యనుచు జనము". సరిపోయిందా?

పృచ్ఛకుడు: సరిపోయింది. ఇంకొక్క మెట్టు ఎక్కవచ్చు. ఆ సన్నివేశం గుర్తు తెచ్చుకో: ముద్దు పెట్టగానే ఫియోనా గాల్లోకి లేస్తుంది, కిటికీ అద్దాలు పగులుతాయి, తర్వాత కింద పడి ఉంటుంది. మూర్ఛ ఆమెకే అంటగట్టి మూడో పాదం మళ్లీ రాయి. జనాన్ని మూర్ఛపుచ్చడం తేలిక.

బెంగళూరు సాఫ్ట్‌వేర్: నాకో సందేహం. సినిమా పూరణలన్నీ "అందం లోపల ఉంటుంది" దగ్గరికే వెళ్తాయి కదా? పుస్తకం మీద రాసినవాటిలో ఆ మాటే లేదు. ఎందుకని?

పృచ్ఛకుడు: మంచి ప్రశ్న. స్టయిగ్ ష్రెక్‌కి గాయం లేదు. వాడి అమ్మానాన్నలు వీడు లోకంలో పడి తన వంతు చెరుపు చెయ్యాల్సిన వయసొచ్చిందని కాలితో తన్ని సాగనంపుతారు. వాడు ఏడవడు. మంత్రగత్తె జోస్యం చెబితే ఫీజుగా తన తల్లోని పేలు కొన్ని ఇస్తాడు. పిడుగు పడితే మింగి, పొగ త్రేన్చి, నవ్వుతాడు. కోటలో అద్దాల గదిలోకి వెళ్లి నాలుగు వైపులా వికారపు మొహాలు చూసి, జీవితంలో మొదటిసారి భయపడతాడు. అవన్నీ తనేనని తెలిశాక వాడి సంబరం చూడాలి! అనాకారిగా ఉన్నందుకు సిగ్గుపడి, ఎవరో ప్రేమిస్తే తేరుకోవడం అక్కడ లేదు. సినిమా ష్రెక్‌కి జనం వెలివేశారన్న బాధ ఉంది, అది చల్లారాలి. మంచి సినిమానే, కాదనను. ఉత్తమ యానిమేషన్ చిత్రానికి మొట్టమొదట ఇచ్చిన ఆస్కార్ దానిదే. 2004, 2007, 2010ల్లో కొత్త భాగాలుగా మళ్లీ మళ్లీ వచ్చింది, మధ్యలో బ్రాడ్‌వే నాటకం కూడా అయింది. కానీ సినిమా వెంట వచ్చిన పిల్లల పుస్తకాలు తిరగేస్తే వాడు పిల్లలకు బుద్ధులు చెప్పే మామయ్యలా తయారయ్యాడు. కలలో పిల్లలు కౌగిలించుకుంటే హడలిపోయినవాడు స్టిక్కరు మీద చేతులు చాచి నిలబడ్డాడు!

ఎడిసన్ అమ్మమ్మ: మావాడికి ఆ చేతులు చాచినవాడే ఇష్టం నాయనా. అయినా పేల దగ్గర మాత్రం మళ్లీ మళ్లీ చదివించుకున్నాడు.

బెంగళూరు సాఫ్ట్‌వేర్: ఇది రాసేటప్పటికి స్టయిగ్ వయసెంత?

పృచ్ఛకుడు: 1907లో బ్రూక్లిన్‌లో పుట్టాడు, అంటే ఎనభై దాటాయి. న్యూయార్కర్ పత్రికకు 1930 నుంచి కార్టూన్లు వేసి, అరవై ఏళ్లప్పుడు పిల్లల పుస్తకాలు మొదలుపెట్టాడు. 1970లో పిల్లల బొమ్మల పుస్తకాలకిచ్చే కాల్డికాట్ పతకం వచ్చింది. సినిమా వచ్చిన రెండేళ్లకు, 2003లో పోయాడు. పుస్తకం రాసిన ఆ ఎనభై దాటిన వయసులో ష్రెక్ పెళ్లి ఎలా జరిపించాడో చూడండి. నా పూరణ దాని మీదే:

ముక్కు కొరికె నతడు. మురిసి యామె చెవిని
గిల్లె, గోళ్లతోడ కెలికికొనుచు
కౌగిలించుకొనగ, కథ విను పసివాడు
ముద్దు పెట్టగానె మూర్ఛపోయె

కాకినాడ మాస్టారు: పృచ్ఛకుడని వదిలిపెట్టం. పసివాడు నవ్వలేక మూర్ఛపోయాడని మీ ఉద్దేశం. పద్యంలో నవ్వు ఎక్కడుంది? భయపడి పడిపోయాడనుకుంటే మీరు చెప్పిన పుస్తకానికే ద్రోహం.

గుంటూరు డాక్టరు: పైగా కొరికి, గిల్లి, కెలికి, కౌగిలించి, అప్పుడు ముద్దు. నాలుగు క్రియలు వరసగా పరిగెడితే ఊపు ఉందిగానీ ఊపిరి లేదు.

పృచ్ఛకుడు: మొదటి ఆక్షేపణ న్యాయమే, నవ్వుకి చోటు మిగల్లేదు. రెండోది ఒప్పుకోను, ఆ పెళ్లి అలా ఊపిరాడకుండానే జరగాలి.

వరంగల్ విద్యార్థి: సార్, మూడో పాదం మార్చాను. "వేచి చూడ పచ్చ వెలదియే యాఫియో" దగ్గర ఆగిపోయాను. ఫియోనా పేరు గణాల్లో ఇమడట్లేదు.

కాకినాడ మాస్టారు: పేరెందుకు నాయనా? "వేచి చూడ పచ్చ వెలదియై యామెయే" అను. పుస్తకంలో ఆ రాకుమార్తెకు అసలు పేరే లేదు.

పృచ్ఛకుడు: ఇక వచ్చేవారం సమస్య, మళ్లీ ఆటవెలదే:

గాడిదైన మేలు ఘనులకంటె

సినిమాలో ష్రెక్ వెంట తిరిగే గాడిదే కానక్కర్లేదు. రాజకీయాలు మాత్రం వద్దు.

గుంటూరు డాక్టరు: రాజకీయాలు వద్దంటే ఘనుల్ని ఎక్కణ్ణుంచి తేవాలండీ?