‘వీ’ అక్షరంతో బాబు పేరు: సైట్లలో రాసే అర్థాలు నిజమో కాదో చూసుకోవడం ఎలా?

కొత్తనాన్న:
బాబుది రోహిణి మూడో పాదం, ‘వీ’ అక్షరం వచ్చింది. వివాన్, వియాన్, విహాన్ అనుకుంటున్నాం. వివాన్ అంటే ఒక సైట్లో ‘సూర్యుడి తొలి కిరణం’, ఇంకోదాంట్లో ‘కృష్ణుడు’, మరోదాంట్లో ‘జీవం నిండినవాడు’ అని ఉంది. మూలం మాత్రం అందరూ సంస్కృతమనే అంటున్నారు. అక్షరం పక్కన పెడితే ఇంట్లో కొందరికి ఆరవ్ నచ్చింది, దానికి ‘ప్రశాంతం’ అని రాశారు. సంస్కృతం రానివాళ్ళం, సొంతంగా సరిచూసుకోగలమా?

నిఘంటుప్రియ:
చూసుకోవచ్చండీ. ముందు పేరును తెలుగు లిపిలో రాయండి. ఇంగ్లీషు అక్షరాల్లో హ్రస్వదీర్ఘాలు తెలియవు, చాలా తప్పులు అక్కడే మొదలవుతాయి. మీ ఆరవ్‌నే తీసుకోండి. రవం అంటే చప్పుడు, ఆరవం అంటే కేక, ధ్వని. చప్పుడు లేనిది అనాలంటే హ్రస్వంతో ‘అరవ’ కావాలి, అలా పిలిస్తే మనవాళ్ళకు గుర్తొచ్చేది తమిళం. దీర్ఘం ఉన్న పేరుకు హ్రస్వం తాలూకు అర్థం తగిలించారన్నమాట.

తర్వాత ఆంధ్రభారతి సైట్లో నిఘంటు శోధనకు వెళ్ళండి. శబ్దరత్నాకరం, బ్రౌన్ లాంటి నిఘంటువులు ఒక్కచోటే దొరుకుతాయి. తెలుగు నిఘంటువుల్లో ఇలాంటి పదాలు ‘ము’, ‘డు’లతో ముగుస్తాయి కాబట్టి ‘ఆరవ్’ అని కాకుండా ‘ఆరవము’ అని కొట్టాలి. సంస్కృతానికి కొలోన్ విశ్వవిద్యాలయం సైట్లో మోనియర్ విలియమ్స్, ఆప్టే నిఘంటువులు రెండూ ఉచితమే. మోనియర్ విలియమ్స్‌లో అర్థం పక్కన ‘ఎల్.’ అని ఉంటే, అది పాత కోశాల్లో కనిపిస్తుందే తప్ప కావ్యాల్లో, పురాణాల్లో వాడుక దొరకలేదని. అలాంటి అర్థాన్ని కాస్త తక్కువగా నమ్మండి.

వివాన్, వియాన్ ఆ రూపాల్లో సంస్కృత పదాలు కావు. దగ్గరి అసలు పదం వివస్వాన్, అంటే సూర్యుడు. గీత నాలుగో అధ్యాయం మొదటి శ్లోకంలోని ‘ఇమం వివస్వతే యోగం’ ఆయన గురించే. విహాన్‌కు ‘వేకువ’ అన్న అర్థం గాలి కబురు కాదు, హిందీ, భోజ్‌పురిల్లో ‘బిహాన్’ అంటే తెల్లవారుజామే.

పదకోశం:
‘దేవుడి పేరు’ అని కనిపిస్తే సహస్రనామంలో వెతకండి. శ్లోకంలో కాదు, సంధుల్లో పేర్లు కలిసిపోతాయి. నామావళిలో చూడండి, అక్కడా చతుర్థీ విభక్తిలో ఉంటాయి: వీరః అన్నది ‘వీరాయ నమః’ అవుతుంది. అందుకే మొదటి రెండు అక్షరాలతోనే వెతకాలి. విష్ణు సహస్రనామంలో వివాన్ లేదు. ఆడపిల్లలకు పెడుతున్న శాన్వి ‘లక్ష్మి’ అంటారు, అమరకోశం అనే పాత సంస్కృత నిఘంటువు లక్ష్మికి చెప్పిన పేర్లలో అదీ లేదు.

‘అంశ్’తో ముగిసే పేర్లకు సంధి చేసి చూడండి. రవి + అంశ యణాదేశ సంధితో రవ్యంశ అవుతుంది, సైట్లు ‘రవి అంశ’ అని చెప్పే రేయాన్ష్ ఎలాగూ కాదు. శ్రేయస్ + అంశ అయితే శ్రేయోంశ. శ్రేయాంశ్‌కు అసలు రూపం ‘స’తో శ్రేయాంస, పదకొండో జైన తీర్థంకరుడి పేరు. శ్రేయాన్ మాత్రం కొత్తగా వినిపించినా అచ్చమైన సంస్కృతం, గీతలోనే ఉంది: ‘శ్రేయాన్ స్వధర్మో విగుణః’.

మరోమాట, ఒకే ధ్వని రెండు మూడు భాషల్లో ఉంటుంది. కియారా ఇటాలియన్‌లో ‘ప్రకాశం’ కలది. దాదాపు అవే అక్షరాలతో రాసే ఐరిష్ పేరుకు ‘నలుపు’ అని అర్థం. కియాన్ పారశీకంలో రాజులకు సంబంధించింది, ఐరిష్‌లో ‘ప్రాచీనం’. సైట్లు వీటన్నిటినీ కలిపి సంస్కృత ఖాతాలో వేస్తాయి.

తేనెపలుకు:
కొత్తగా కల్పించిన పేరు పెట్టకూడదని కాదు. పలకడానికి బాగుంటే నిక్షేపంగా పెట్టుకోవచ్చు. లేని అర్థాన్ని చెప్పి అమ్మడమే అన్యాయం. సహస్ర అంటే వెయ్యి, దానికి ‘కొత్త ఆరంభం’ అని రాస్తున్నారు!

కొత్తనాన్న:
అందరికీ ధన్యవాదాలండీ. ఆరవ్, వియాన్ తీసేశాం. ‘వీ’తో నికరమైనవి ఏమైనా చెబుతారా?

నిఘంటుప్రియ:
వీతిహోత్ర, అమరకోశంలో అగ్నికి చెప్పిన పేరు. పిలవడానికి బరువనిపిస్తే వీర్. హ్రస్వం ఫర్వాలేదంటే విభావసు (అగ్ని, సూర్యుడు ఇద్దరికీ వర్తిస్తుంది), విక్రమ్, లేదా పూర్తిగా వివస్వాన్ పెట్టి ముద్దుగా వివాన్ అని పిలుచుకోండి. తొందరపడకండి. జనన నమోదు పేరు లేకుండానే చేయించవచ్చు, నమోదైన తేదీ నుంచి 12 నెలల్లోపు పేరు చేర్పిస్తే రుసుం ఉండదు, ఆపైన 15 ఏళ్ళ వరకు ఆలస్య రుసుంతో చేరుస్తారు. పత్రంలో తెలుగు రాత, ఇంగ్లీషు స్పెల్లింగ్ రెండూ మీరే రాసివ్వండి, దీర్ఘం పోతే తర్వాత దిద్దించుకోవడం పెద్ద పని.