నాన్నగారి పాస్‌బుక్‌లో తెలియని షాపు పేర్లు: ఎవరివో ఎలా కనుక్కోవాలి?

తెనాలి_అమ్మాయి
అందరికీ నమస్కారమండీ. మా నాన్నగారు రిటైర్డ్ టీచర్. నిన్న శుక్రవారం బ్యాంకుకు వెళ్లి పెన్షన్ ఖాతా పాస్‌బుక్ ప్రింట్ వేయించుకొచ్చారు. అప్పటి నుంచి ఆయనకు నిద్ర లేదు. రెండు ఎంట్రీలు ఏమిటో తెలియడం లేదు. ఒకటి 2,847 రూపాయలు, పీఓఎస్ (షాపులో కార్డు గీకే మెషీన్) అని, పక్కన ట్రెంట్ లిమిటెడ్ అని ఉంది. రెండోది గురువారం తేదీతో 1,163 రూపాయల 42 పైసలు. అక్కడ ఏదో డిజిటల్ స్టోర్ పేరు సగంలో తెగిపోయింది. "నేనెవరికీ ఓటీపీ చెప్పలేదమ్మా" అని పొద్దున్నుంచి పదిసార్లు అన్నారు. నేను హైదరాబాద్‌లో ఉంటాను, ఆయన టెన్షన్ ఫోన్‌లోనే తెలిసిపోతోంది. ముందు ఏం చెయ్యాలి?

ఓరుగల్లు_పిల్ల
మొదటిది కంగారు పడేది కాకపోవచ్చు. ట్రెంట్ అంటే వెస్ట్‌సైడ్, జూడియో నడిపే కంపెనీ. ఈ మధ్య ఇంట్లో ఎవరైనా అక్కడ బట్టలు కొన్నారేమో, అమ్మగారిని అడగండి. బోర్డు మీద ఉండే పేరు ఒకటి, కార్డు మెషీన్ ఏ కంపెనీ పేరున ఉందో అది ఇంకొకటి. డీమార్ట్‌కు అవెన్యూ సూపర్‌మార్ట్స్, డామినోస్‌కు జూబిలెంట్ ఫుడ్‌వర్క్స్, బుక్‌మైషోకు బిగ్‌ట్రీ ఎంటర్‌టైన్‌మెంట్, మెడ్‌ప్లస్‌కు ఆప్టివల్ హెల్త్ సొల్యూషన్స్. మా అత్తగారు ఈ ఆప్టివల్ పేరు చూసి కార్డే బ్లాక్ చేయించేశారు. తీరా చూస్తే అవి ఆవిడ బీపీ మాత్రల డబ్బులే.

ఊరి పేరు చూసి కూడా నిర్ణయానికి రాకండి. కొన్న షాపు మన వీధిలోనే ఉన్నా, కంపెనీ రిజిస్టరైన ఊరు ముంబై అని పడొచ్చు.

కాకినాడ_కిరాణా
షాపు నడిపేవాడిగా ఒక మాట. ఫలానా షాపేమో అని అనుమానం ఉండి, పాత బిల్లు ఏదైనా దొరికితే దాని మీద 15 అక్షరాల జీఎస్టీ నంబరు చూడండి. మొదటి రెండు అంకెలు రాష్ట్రం, 37 అయితే ఆంధ్రప్రదేశ్, 36 అయితే తెలంగాణ. జీఎస్టీ వెబ్‌సైట్‌లో ఆ నంబరు కొడితే లాగిన్ లేకుండానే వ్యాపారం అసలు పేరు, బోర్డు పేరు రెండూ కనిపిస్తాయి. స్టేట్‌మెంట్‌లో పేరుతో సరిపోల్చుకోండి. యూపీఐలో అయితే చిన్న కొట్లకు యజమాని పేరో, వాళ్లావిడ పేరో వస్తుంది. నా కొట్టు క్యూఆర్ కూడా మా ఆవిడ పేరుమీదే ఉంది.

బ్యాంకులో_ముప్పైఏళ్లు
అమ్మా, నేను బ్రాంచిలో పనిచేసి రిటైరయ్యాను. మొదటిదాని గురించి నిదానంగా విచారించుకోవచ్చు. రెండోదాని విషయంలో ఒక్క గంట కూడా ఆగొద్దు. మొత్తంలో 42 పైసలు ఉన్నాయంటే డాలర్లలోనో ఇంకో కరెన్సీలోనో కొని రూపాయల్లోకి మార్చినట్టుంది. దాని కిందే మార్కప్ అని, అంటే కరెన్సీ మార్చినందుకు బ్యాంకు వేసే చార్జీ, చిన్న మొత్తం ఇంకోటి పడిందా చూడండి. అది ఉంటే లావాదేవీ విదేశీదే. విదేశీ సైట్లలో చాలా చోట్ల ఓటీపీ అడగరు. కార్డు నంబరు, వెనుక మూడంకెలు తెలిస్తే చాలు. కాబట్టి నాన్నగారు ఓటీపీ చెప్పలేదన్నది నిజమే అయి ఉంటుంది, ఆయన్ను తప్పుపట్టకండి.

తెనాలి_అమ్మాయి
ఉందండీ! కిందనే 48 రూపాయలు మార్కప్ అని ఉంది. ఇప్పుడు గుర్తొచ్చింది. నిరుడు మా చెల్లి విదేశీ పరీక్ష ఫీజు కట్టడానికి నాన్న కార్డులో విదేశీ వాడకం ఆన్ చేశాం. మళ్లీ ఆఫ్ చెయ్యలేదు. ఈరోజు రెండో శనివారం, బ్రాంచి మూసి ఉంటుంది. సోమవారం వెళ్లమంటారా?

బ్యాంకులో_ముప్పైఏళ్లు
సోమవారం దాకా వద్దు. బ్రాంచికి సెలవు గానీ హెల్ప్‌లైన్ రాత్రీపగలూ ఉంటుంది. ఇప్పుడే కార్డు బ్లాక్ చేయించండి. బ్లాక్ చేయించడం, కంప్లైంట్ ఇవ్వడం రెండు వేర్వేరు పనులు. చాలామంది మొదటిది చేసి పని అయిపోయిందనుకుంటారు. "ఈ లావాదేవీ నేను చేయలేదు, డిస్ప్యూట్ నమోదు చేయండి" అని స్పష్టంగా చెప్పించండి. కంప్లైంట్ నంబరు తీసుకోండి. అదే విషయం బ్యాంకుకు ఈమెయిల్ కూడా పంపండి, తేదీ, టైము రికార్డులో ఉంటాయి.

రిజర్వ్ బ్యాంకు 2017 జూలై 6 నాటి సర్క్యులర్ ప్రకారం, తప్పు బ్యాంకుదీ ఖాతాదారుదీ కాకుండా బయట ఎక్కడో జరిగితే, బ్యాంకు నుంచి మెసేజ్ వచ్చాక 3 పనిదినాల్లో చెబితే నష్టం మన మీద పడదు. మెసేజ్ వచ్చిన రోజును లెక్కలోకి తీసుకోరు. మీ ఎంట్రీ గురువారానిది, మెసేజ్ కూడా ఆ రోజే వచ్చి ఉంటే శుక్రవారం ఒకటి, సోమవారం రెండు, మంగళవారం మూడు. 4 నుంచి 7 పనిదినాల మధ్య చెబితే మామూలు సేవింగ్స్ ఖాతాకు మన వాటా గరిష్ఠంగా 10,000 రూపాయలు. అంటే 1,163 రూపాయల కేసులో మొత్తం మనమే పోగొట్టుకోవచ్చు. అందుకే తొందరపెడుతున్నాను.

అమీర్‌పేట్_ఐటీ
ఒక ముఖ్యమైన విషయం. బ్యాంకు నంబరు గూగుల్‌లో వెతకొద్దు. మా బాబాయి 650 రూపాయల తెలియని ఎంట్రీ గురించి అడుగుదామని వెతికితే దొంగ కస్టమర్ కేర్ నంబరు దొరికింది. వాడు "రీఫండ్ ఇస్తాం" అని ఏదో యాప్ వేయించి 38,000 లాగేశాడు. కార్డు వెనకాల ఉన్న నంబరుకే ఫోన్ చెయ్యండి. డబ్బు మోసంగా పోయిందని తెలియగానే సైబర్ మోసాల హెల్ప్‌లైన్ 1930కి కూడా చెప్పండి. బాబాయి ఆ నంబరుకు మర్నాడు చేశారు, అప్పటికే డబ్బు వేరే ఖాతాల్లోకి వెళ్లిపోయింది.

గోదావరి_గట్టు
వెయ్యి రూపాయల కోసం ఇంత తిరగడం అవసరమా అండీ? కార్డు బ్లాక్ చేసి వదిలేస్తే పోలా?

అమీర్‌పేట్_ఐటీ
వదిలేయకూడదండీ. చిన్న మొత్తం చాలాసార్లు పరీక్ష కోసమే. కార్డు పనిచేస్తోందని తెలిస్తే తర్వాత పెద్దది లాగుతారు. పైగా అది ఒక పెద్దాయన పెన్షన్ డబ్బు.

డల్లాస్_నుంచి
ఇక్కడ అమెరికాలో కూడా పేర్ల తికమక ఇలాగే ఉంటుంది. ముందు ఎస్‌క్యూ అని, నక్షత్రం గుర్తు (*) పెట్టి ఉంటే స్క్వేర్ మెషీన్ వాడే చిన్న షాపు. టీఎస్‌టీ అని ఉంటే టోస్ట్ వాడే రెస్టారెంటు. క్రెడిట్ కార్డు అయితే స్టేట్‌మెంట్ పంపిన 60 రోజుల్లోపు రాతపూర్వకంగా డిస్ప్యూట్ చేసే హక్కు చట్టంలోనే ఉంది. డెబిట్ కార్డు పోతే మాత్రం 2 పనిదినాల్లో చెప్పాలి, ఆలస్యమైతే మన నష్టం 50 డాలర్ల నుంచి 500కు పెరగొచ్చు. పిల్లల చదువుకని కొత్తగా వచ్చే తల్లిదండ్రులకు నేను ముందు చెప్పేది ఇదే.

నెల్లూరు_టీచరమ్మ
నాది కొంచెం వేరే కథ. బట్టల షాపులో మెషీన్ "డిక్లైన్డ్" అంది, రెండోసారి గీకారు. ఇంటికొచ్చి చూస్తే రెండుసార్లు కట్ అయింది. షాపువాళ్లు "మాకు ఒక్కసారే వచ్చింది" అన్నారు, వాళ్ల మాటా నిజమే. ఖాతాలో కట్ అయి షాపుకు చేరకపోతే బ్యాంకు తనంతట తానే 5 రోజుల్లో తిరిగి వేయాలి. ఆలస్యమైతే రోజుకు 100 రూపాయలు పరిహారం. 2019 నుంచి ఈ రూలు ఉంది. నాకు ఆరో రోజున పడ్డాయి. పరిహారం నేను అడిగాకే ఇచ్చారు.

బ్యాంకులో_ముప్పైఏళ్లు
టీచరమ్మ గారు చెప్పింది కరెక్ట్. తెనాలి అమ్మాయికి మరో రెండు మాటలు. కంప్లైంట్ ఇచ్చిన 10 పనిదినాల్లో బ్యాంకు ఆ డబ్బు తాత్కాలికంగా ఖాతాలో వేయాలి. 90 రోజుల్లో తేల్చాలి. ఖాతాదారుడిదే తప్పని నిరూపించాల్సింది బ్యాంకే. బ్రాంచిలో "మీరే ఎవరికో చెప్పి ఉంటారు" అంటే దబాయింపుకు లొంగకండి. 30 రోజుల్లో జవాబు రాకపోయినా, జవాబు అన్యాయంగా ఉన్నా రిజర్వ్ బ్యాంకు అంబుడ్స్‌మన్‌కు (బ్యాంకుల మీద ఫిర్యాదులు తేల్చే అధికారి) ఆన్‌లైన్‌లో ఉచితంగా రాయొచ్చు. 14448కి ఫోన్ చేస్తే దారి చెబుతారు.

ఇంట్లోవాళ్లు కొన్నదని తెలిసినా డబ్బు వస్తుంది కదా అని డిస్ప్యూట్ వేయొద్దు. షాపు వాళ్లు చార్జ్‌స్లిప్ (కార్డు గీకినప్పటి రసీదు) చూపిస్తే బ్యాంకువాళ్లు ఇచ్చిన డబ్బు వెనక్కి తీసుకుంటారు. తర్వాత నిజమైన కంప్లైంట్ ఇచ్చినా అనుమానంగా చూస్తారు.

తెనాలి_అమ్మాయి
మూడు వారాల తర్వాత రాస్తున్నాను. ఆ శనివారమే కార్డు వెనక నంబరుకు కాన్ఫరెన్స్‌లో ఫోన్ చేశాం. నాన్నగారే మాట్లాడారు, నేను పక్కన అందించాను. ట్రెంట్‌ది అమ్మదే. మా మేనకోడలి పుట్టినరోజుకు జూడియోలో గౌన్లు కొనిందట. నాన్న కార్డే ఇచ్చి పంపారు, ఆయనకే గుర్తులేదు.

రెండోదానికి సోమవారం బ్రాంచిలో డిస్ప్యూట్ ఫారం ఇచ్చాం. కౌంటర్‌లో అబ్బాయి "ఓటీపీ చెప్పి ఉంటారు సార్" అన్నాడు. నాన్నగారు ప్రింట్ తీసుకెళ్లిన సర్క్యులర్ తీసి ఎదురుగా పెట్టారు. తర్వాత మేనేజర్ వచ్చి ఫారం తీసుకుని స్టాంపు వేసి ఇచ్చారు. తొమ్మిదో పనిదినాన 1,163 పడింది. 48 రూపాయల మార్కప్ మాత్రం ఇంకా రాలేదు, దానికి విడిగా మెయిల్ పెట్టాం. తుది జవాబు ఇంకా రావాలి.

కొత్త కార్డులో ఆన్‌లైన్, విదేశీ వాడకం రెండూ ఆఫ్‌లోనే ఉంచాం. అమ్మ షాపింగ్ నుంచి రాగానే నాన్నగారు బిల్లు అడిగి తీసుకుని పాస్‌బుక్ మధ్యలో పెడుతున్నారు.

ఓరుగల్లు_పిల్ల
చాలా సంతోషం అండీ. ఆ 48 వచ్చాక కూడా చెప్పండి. మార్కప్ తిరిగి ఇస్తారా అని నాకు తెలిసినవాళ్లు ఇద్దరు అడుగుతున్నారు.