ఫాదర్ ఎడ్డీ పాన్లీలియో గవర్నర్‌గా పోటీ చేయడం ఒప్పా, తప్పా?

పాత విచారణ:
ఫిలిప్పీన్స్‌లోని పాంపంగా ప్రావిన్స్ సంగతి ఇది. 2007 గవర్నర్ ఎన్నికల్లో ఒకవైపు అప్పటి గవర్నర్ మార్క్ లాపిడ్, సినిమా హీరో, సెనేటర్ అయిన లీటో లాపిడ్ కొడుకు. ఇంకోవైపు లిలియా పినెడా. ఆమె భర్త మీద హ్వెటెంగ్ (మన మట్కా లాంటి నంబర్ల జూదం) ఆరోపణలు ఎప్పటినుంచో ఉన్నాయి. ఇద్దరూ అధ్యక్షురాలు అరోయో వర్గమే. ఎవరికి వేసినా ఒకటేనని జనం విసిగిపోయి ఉంటే, ఫాదర్ పాన్లీలియో నామినేషన్ వేశారు. అక్కడ ఆయన్ని 'అమోంగ్ ఎడ్' అంటారు, మనం గురువుల్ని (కతోలిక ఫాదర్లని) 'స్వామి' అన్నట్టు. 1,147 ఓట్ల తేడాతో గెలిచారు. గురువులు ప్రభుత్వాధికారం చేపట్టకూడదని శ్రీసభ (కతోలిక చర్చి) చట్టం 285వ నిబంధన. అందుకే అగ్రపీఠాధిపతి (ఆర్చిబిషప్) ఆయన్ని గురుత్వ విధుల నుంచి తప్పించారు. పూజ చేయకూడదు, పాపసంకీర్తనం (పాపాల ఒప్పుకోలు) వినకూడదు. అయినా ఆయన చేసింది ఒప్పేనని నా నమ్మకం. మీరేమంటారు?

గుంటూరు జిల్లా:
నేను ఒప్పుకోను అన్నా. మా ఊళ్లో బోరు నీళ్ల దగ్గర రెండు పార్టీల వాళ్లు కొట్టుకునేదాకా వచ్చారు. పంచాయతీలో తెగలేదు, స్టేషన్లో తెగలేదు. చివరికి ఇద్దరూ వచ్చి కూర్చుంది మా స్వామి వరండాలోనే. ఆయన చాప వేయించి, మజ్జిగ ఇప్పించి, రాత్రి పదకొండు దాకా విన్నారు. పొద్దున ఒకరికి, సాయంత్రం ఒకరికి అని తేల్చారు. ఆయన ఏ పార్టీ కండువా వేసుకున్నా ఆ రాత్రి ఒక వర్గం గడప తొక్కేది కాదు. ఒక మనిషి గవర్నర్ అయితే మూడేళ్లుంటాడు, విచారణ (చర్చి పరిధి) గురువు పోతే ఆ వరండా పోతుంది.

లెక్కల మాస్టారు:
ఇసుక సంగతి కూడా చెప్పుకోవాలి కదండీ. 1991లో పినతూబో అగ్నిపర్వతం పేలాక బూడిద, ఇసుక వరదల్లో కొట్టుకొచ్చి పాంపంగా ఊళ్లను ముంచేశాయి. తర్వాత ఆ ఇసుకే బంగారమైంది. లారీలు తిరుగుతూనే ఉన్నాయి, ప్రావిన్స్ ఖజానాకు మాత్రం చేరింది కొద్దిగానే. ఈయన వచ్చాక రోజుకు 10 లక్షల పెసోల దాకా వసూలైంది. ఇసుక అదే, లారీలు అవే. మన కృష్ణా, గోదావరి ఒడ్డున ఉన్నవాళ్లకు దీని అర్థం ఇంకొకరు చెప్పక్కర్లేదు. 2007 అక్టోబరులో అధ్యక్ష భవనంలో మీటింగ్ అయ్యాక తన చేతికి 5 లక్షల పెసోల నగదు సంచి వచ్చిందని ఆయనే బయటపెట్టారు. అంత ధైర్యం ఎంతమందికి ఉంటుంది?

ఖమ్మం నుంచి:
మాస్టారూ, నిజాయితీ ఒక్కటే సరిపోలేదు. వైస్ గవర్నర్‌తో, ప్రావిన్స్ బోర్డుతో పొత్తు కుదరలేదు. పదవి నుంచి దింపాలని రీకాల్ పిటిషన్ పెట్టారు. 2010 ఫిబ్రవరిలో ఎన్నికల సంఘం రీకౌంటింగ్ ప్రకారం పినెడాయే గెలిచారని చెప్పింది. ఆ మేలో జరిగిన ఎన్నికల్లో ఆమె చేతిలో చిత్తుగా ఓడిపోయారు, 2013లో మళ్లీ ఓడారు. పూజాపీఠం మీది నుంచి చెప్తే అందరూ వింటారు, బోర్డు మీటింగ్‌లో ఒక్కొక్కరినీ ఒప్పించుకోవాలి. ఆ రెండో పని ఆయనకు పట్టుబడలేదు. నాకు బాధగానే ఉంది, ఎందుకంటే అలాంటి మనిషి గెలవాలనే నేనూ కోరుకుంటాను.

గుంటూరు జిల్లా:
అదే నేననేది. ఇసుక రసీదులు కచ్చితంగా రాయించడానికి మంచి గృహస్థుడు చాలడా? అలాంటివాళ్లను తయారుచేసి నిలబెట్టడం గురువు పని.

పాత విచారణ:
తమ్ముడూ, నీ వరండా మాట నాకు గట్టిగానే తగిలింది, కాదనను. కానీ పాంపంగాలో ఆ మంచి గృహస్థుడి కోసం జనం వెతికే ఉంటారు. నిలబడడానికి ఎవరూ ముందుకు రాకపోతే, రోజూ పూజలో న్యాయం గురించి చెప్పే మనిషి చూస్తూ ఊరుకోవాలా? పూజ చేసే భాగ్యం పోతుందని తెలిసే ఆయన దిగారు. గురువుకి అంతకన్నా పెద్ద నష్టం ఏముంటుంది? ఇంకో మాట. 2007లో అక్కడ బ్యాలెట్ మీద పేర్లు అచ్చువేసి ఉండేవి కావు, ఓటరే చేత్తో రాయాలి. 2 లక్షల మందికి పైగా పెన్ను పట్టుకుని ఆయన పేరు రాశారు.